అతుకు రోజు

ఏ గాజు చేతికి వచ్చినా ఆండాలు మొదట చేసే పని ఒకటే. బొటనవేలిని దాని మీద ఆనించి చుట్టూ నెమ్మదిగా జరుపుతుంది. ఒక చోట వేలు ఆగుతుంది. అక్కడ అతుకు ఉంటుంది. కంటికి కనిపించదు, వేలికి తెలుస్తుంది. కాసేపు వేలిని అక్కడే ఉంచి, తర్వాత గాజును కింద పెడుతుంది.

తను చేసిన లక్క గాజుకైనా అంతే, పెళ్ళిలో పక్కన కూర్చున్న మనిషి చేతికున్న మట్టి గాజుకైనా అంతే. అడగకుండానే చెయ్యి పట్టుకుంటుంది. అచ్చులో పోసిన ప్లాస్టిక్ గాజు మీద మాత్రం వేలు రెండు చుట్లు తిరిగి ఊరికే వెనక్కి వస్తుంది. "దీనికి మొదలు లేదు" అని తిరిగి ఇచ్చేస్తుంది.

లాడ్ బజార్‌లో ఒక గాజుల దుకాణం పైన కార్ఖానా ఉంది. ఒక గది, ఒక కిటికీ, నాలుగు కుంపట్లు, నలుగురు ఆడవాళ్ళు. ఆండాలు అక్కడ ముప్పై ఒక్క ఏళ్ళుగా కూర్చుంటోంది. లక్కను వేడి చేసి, సాగదీసి, సైజుకు బద్దీలుగా కోసి, రెండు కొసలనూ కుంపటికి చూపించి అతుకుతుంది. అతికిన చోటును ఇనుప పలక మీద రుద్ది నున్నగా చేస్తుంది. గాజు వేడిగా ఉండగానే సన్నటి ఇనుప పుల్లతో ఒక్కొక్క రాయినీ అద్దుతుంది. దీన్నే గాజు తీయడం అంటారు. చేరిన మొదటి రోజు పెద్ద సాబ్ నేర్పిన పాఠం ఒక్కటే: అతుకు కనిపిస్తే అది గాజు కాదు.

పెద్ద సాబ్ ఇప్పుడు లేడు. ఆయన కొడుకు ముక్తార్ సాబ్ దుకాణం చూసుకుంటున్నాడు. పాఠం మారలేదు.

ఆండాలు పెళ్ళి చేసుకోలేదు. ఎందుకని ఎవరైనా అడిగితే "సైజు దొరకలె" అంటుంది. గౌలిపురలో చెల్లెలి ఇంటి మీద ఒక గది ఆమెది. ఆ గదిలో, గోడకు బిగించిన కర్టెన్ రాడ్ మీద, యాభై మూడు గాజులున్నాయి. అవి అమ్మడానికి కావు. అవి సంవత్సరాలు.

వాటి మొదలు పన్నెండేళ్ళ కిందటిది. వాడలో ఒక ఫంక్షన్ హాల్లో గుర్తింపు కార్డులకు ఫోటోలు తీస్తున్నారని తెలిసి కార్ఖానా ఆడవాళ్ళు కలిసి వెళ్ళారు. కంప్యూటర్ ముందున్న కుర్రవాడు తల ఎత్తకుండా అడిగాడు.

"పుట్టిన తారీఖు?"

"తెల్వది. బోనాలనాడు. మా అమ్మ ఘటం చూడబోతుంటే నొప్పులొచ్చినయట."

"ఏ సంవత్సరం?"

"వానలు మస్తు పడ్డ ఏడు."

కుర్రవాడు ఏదో నొక్కాడు. "జనవరి ఒకటి పెడుతున్న."

"అది నాది కాదు."

"ఏదో ఒకటి పెట్టాలె గదమ్మా. ఖాళీ ఉంటే కంప్యూటర్ తీసుకోదు."

బయటికి వచ్చి కాగితాలు చూసుకున్నారు. వరుసలో ఉన్న పదకొండు మందిలో ఏడుగురిదీ జనవరి ఒకటే. పక్క కుంపటి నాగమణమ్మ నవ్వింది. "ఏడుగురం ఒక్కనాడే పుట్టినం. పాపం, ఆ మంత్రసాని ఎంత ఉరికిందో."

అందరూ నవ్వారు. ఆండాలు నవ్వలేదు. తన దగ్గర తారీఖు లేకపోవచ్చు. ఒక రోజైతే ఉంది. ఆ రోజు వాన పడింది, బోనాలు సాగాయి, తల్లి వీధిలో నిలబడింది. ఖాళీగా ఉన్నది కంప్యూటర్. దాని ఖాళీని తన బతుకుతో ఎందుకు నింపాలో ఆమెకు అర్థం కాలేదు.

ఆ సాయంత్రం కార్ఖానా ఊడ్చే వంతు ఆమెది. నేల మీద రాలిన రాళ్ళు ఏ ఆర్డరువో తెలియకుండా కలిసిపోతాయి. అలా కలిసినవి ఊడ్చినవాళ్ళకే చెందుతాయి. ఇది అక్కడి పద్ధతి. ఆ రోజు చీపురుకు తొమ్మిది రంగులు చిక్కాయి. ఎరుపు, పసుపు, పచ్చ, నీలం, తెలుపు, గులాబీ, ఊదా, నారింజ, ఇంకా చిన్న చిన్న అద్దం ముక్కలు. ఆండాలు ఒక లక్క బద్దీ కోసింది. కొసలు అతకలేదు. ఆరిపోబోతున్న కుంపటి మీద దాన్ని వేడి చేసి ఒక చివర ఒక ఎర్ర రాయి అద్దింది.

"ఏందక్కా అది?" అంది నాగమణమ్మ.

"ఇయ్యాల."

మర్నాడు రెండో ఎర్ర రాయి అద్దింది. తొమ్మిది రాళ్ళు ఒక నెల. తొమ్మిది రంగులు తొమ్మిది నెలలు. ఎనభై ఒక్క రాళ్ళు పూర్తయ్యాక బద్దీ కొసలు రెండూ మిగిలాయి. వాటి మధ్య వెలితి ఉంది. ఎనభై రెండో రోజున ఆ కొసలను అతికింది. అక్కడ రాయి పెట్టలేదు. ఆ రోజు ఏ నెలకూ చెందదు. దానికి అతుకు రోజు అని పేరు పెట్టింది.

గాజుల పనిలో ఎవరూ రాళ్ళు ముందు అద్ది తర్వాత అతకరు. వంచేటప్పుడు రాళ్ళు ఊడిపోతాయి. ఆండాలువీ ఊడాయి. ఊడినవాటిని మళ్ళీ అద్దింది.

సంవత్సరం ఉన్నాక దానికి ఒక దేశం కావాలి. మన దేశంలో ఆ లెక్క నడవదు. అందుకని లక్కసీమ వచ్చింది.

లక్కసీమలో నేల లక్క. సూర్యుడు ఒక కుంపటి. ఎవరు వెలిగిస్తారో ఎవరికీ తెలియదు. పగలు నేల మెత్తబడుతుంది, అడుగులు దిగుతాయి. రాత్రి గట్టిపడి ఆ అడుగులు అలాగే నిలిచిపోతాయి. నిన్న ఎవరు ఎటు వెళ్ళారో తెల్లారితే అందరికీ తెలుస్తుంది. అందుకని ఆ దేశంలో ఎక్కడికి పోయావని ఎవరూ ఎవరినీ అడగరు. పచ్చ నెలలో వాన కింది నుంచి పైకి పడుతుంది. నీలం నెలలో ఎవరూ తలుపులు వేయరు. అద్దం నెలలో ఎవరి ముఖం వాళ్ళే చూసుకోవాలి. ఎదుటివాళ్ళ గురించి ఒక్క మాట అనకూడదు. ఆ నెల అందరికీ కష్టం.

అక్కడ సోమవారం లేదు. రోజులకు పేర్లే లేవు. రెండో ఊదా, ఏడో పసుపు, అంతే.

అతుకు రోజున ఎవరూ ఎవరికీ పని చెప్పరు. రాజుకు దాహమైతే తనే లేచి నీళ్ళు ముంచుకుంటాడు. తల్లి అన్నం వడ్డించి ఊరుకుంటుంది, తినమని చెప్పదు. కుక్కను అదిలించరు. దేవుణ్ణి కూడా ఆ ఒక్క రోజు ఏమీ అడగరు. పాత సంవత్సరానికీ కొత్త సంవత్సరానికీ మధ్య ఆ దేశాన్ని పట్టి ఉంచేది ఆ రోజే. అది ఊడితే సంవత్సరం మళ్ళీ బద్దీ అవుతుంది.

కార్ఖానాలో ఇది అందరికీ తెలుసు.

"ఏందక్కా, మీ దేశంల ఇయ్యాల ఏమున్నది?" అని పొద్దున్నే నాగమణమ్మ అడుగుతుంది.

"మూడో పచ్చ."

"అయితే గొడుగు కాళ్ళ కింద ఏసుకోవాలె."

"ఏసుకో. లేకుంటే లంగా తడుస్తది."

ఒక ఏడు డెంగీతో ఆండాలు ఆరు రోజులు ఆసుపత్రిలో ఉంది. తిరిగి వచ్చాక ఆ ఆరు రాళ్ళూ కలిపి అద్దలేదు. ఆ ఆరు రోజులు లక్కసీమలో జరగలేదు అంది. కరోనా నెలల్లో కార్ఖానా మూసేస్తే ఇంట్లో గ్యాస్ పొయ్యి మీద పుల్ల వేడి చేసి రోజుకో రాయి అద్దింది. ఆ రోజులు జరిగాయి. ఎవరైనా వయసు అడిగితే లక్కసీమ లెక్కన రెండు వందల నలభై దాటినయి అంటుంది.

చెల్లెలి కూతురు స్రవ్య ఈ దేశాన్ని వింటూ పెరిగింది. ఇప్పుడు ఆమెకు ఇరవై ఆరేళ్ళు. మాదాపూర్‌లో ఫోన్ ఆటలు తయారు చేసే ఒక ఆఫీసులో బొమ్మలు వేస్తుంది. కొత్త ఆట కోసం ఎవరి దగ్గరైనా ఒక లోకం ఉందా అని ఆఫీసులో అడిగితే లక్కసీమ బొమ్మలు చూపించింది. మెత్తటి నేల, నిలిచిపోయిన అడుగులు, కాళ్ళ కింద గొడుగులు. వాళ్ళకు నచ్చింది. ఈ సంగతి స్రవ్య ఇంట్లో చెప్పిన రోజు ఆండాలు విని, సంచి తీసుకుని పనికి వెళ్ళిపోయింది. ఆ సాయంత్రం అద్దిన రాయి మాత్రం కొంచెం వంకరగా కూర్చుంది.

తర్వాత ఒక ఆదివారం వచ్చింది. లక్కసీమలో అది తొమ్మిదో అద్దం. ఆండాలు పని ముగించుకుని ఇంటికి వచ్చేసరికి యాభై నాలుగో బద్దీ మీద ఎనభై ఒకటో ముక్క అద్ది ఉంది. తెల్లారితే అతుకు.

స్రవ్య లాప్‌టాప్ పట్టుకుని పైకి వచ్చింది. మంచం మీద పెట్టి తెరిచింది.

"పెద్దమ్మా, రేపు మీటింగ్ ఉన్నది. అంతా ఓకే అయింది. నీ పేరు కూడా ఏస్తరు. రెండే రెండు మార్పులు."

"చెప్పు."

"నెలలు తొమ్మిది కాదు, పన్నెండు జేస్తరట. నెలకు ముప్పై రోజులు."

"మరి గా మూడు రంగులు ఎక్కడికెళ్ళి తెస్తరు? ఎవరు ఊడ్చిండ్రు?"

"వాళ్ళు కంప్యూటర్ల పెట్టుకుంటరు పెద్దమ్మా."

"ఇంకోటి?"

స్రవ్య తెర వైపు చూస్తూ అంది, "అతుకు రోజు తీసేస్తరట."

ఆండాలు లాప్‌టాప్ నుంచి కొంచెం వెనక్కి జరిగింది.

"ఆట గట్ల ఉన్నది పెద్దమ్మా. ఆడేటోడు రాజు లెక్క. తవ్వమంటే జనం తవ్వుతరు, కట్టమంటే కడతరు. ఒక రోజంతా ఎవరూ మాట ఇనకుంటే ఆడేటోడు ఏం జేస్తడు? ఫోన్ పక్కకు పడేస్తడు."

"పడెయ్యనీ. ఒక్క రోజు."

"గట్ల కాదు. నువ్వు మా సార్‌తోని మాట్లాడు."

సార్ పేరు మురళి. ఫోన్‌లో గొంతు మర్యాదగా ఉంది. "ఆంటీ, మీ ప్రపంచం మా అందరికీ చాలా నచ్చింది. ఒక్క రోజే కదా తీసేది."

"ఒక్క రోజే గదా, మీకు అంత అడ్డం ఏమొచ్చింది బాబూ?"

అవతల ఎవరో నవ్వారు. మురళి కూడా నవ్వాడు. "ఆడేవాళ్ళు ఒప్పుకోరు ఆంటీ. చెప్పింది జరగకపోతే ఎవరికీ నచ్చదు."

"తెలుసు. అందుకే పెట్టిన."

ఫోన్ పెట్టేశాక స్రవ్య లాప్‌టాప్ మూసింది. ఎనిమిది నెలల పని అందులో ఉంది.

"నువ్వు సరేనంటేనే నేను రేపు చూపిస్త. వద్దంటే వాపసు తీస్కుంట. కానీ ఒక మాట అడుగుత, నిజం చెప్పు పెద్దమ్మా. ఈ పన్నెండేండ్లల్ల యాభై మూడు అతుకు రోజులొచ్చినయి. ఒక్కనాడన్న నువ్వు ఎవరి మాట ఇనకుండ ఉన్నవా? పొద్దుగాల పదింటికి పోతవు. సాబ్ తీయమంటే తీస్తవు, ఆపమంటే ఆపుతవు. పొద్దుమీకి కుంపటి ఆరేముందు అతుకు పెట్టుకొని వస్తవు. నువ్వే గట్ల ఉండని రోజు కోసం నేను ఆఫీసుల ఏమని కొట్లాడాలె?"

అని, తనే అన్నందుకు భయపడినట్టు తల వంచుకుంది.

ఆండాలు లేచి కర్టెన్ రాడ్ దగ్గరికి వెళ్ళింది. మొదటి గాజు తీసి బొటనవేలు జరిపింది. అతుకు దగ్గర వేలు ఆగింది, అతి కష్టం మీద. రెండోది తీసింది. మూడోది. అన్నీ నున్నగా ఉన్నాయి. ఎవరూ అడగని గాజులవి, ఎవరికీ అమ్మనివి. వాటి అతుకులను కూడా ఇనుప పలక మీద రుద్ది మాయం చేసింది తనే. చేస్తున్నానని తెలియకుండానే, యాభై మూడుసార్లు.

గాజులను తిరిగి రాడ్‌కు ఎక్కించింది.

"మీ సార్‌కు చెప్పు," అంది చివరికి. "లక్కసీమ ఇయ్యనని చెప్పు. పన్నెండు నెలల దేశాలు మస్తున్నయి. అందుల ఒకటి తీస్కొమ్మను."

"సరే."

"కోపమొచ్చిందా?"

"వచ్చింది," అంది స్రవ్య. లాప్‌టాప్ చేతిలోకి తీసుకుని అడిగింది, "రేపు నువ్వేం జేస్తవు?"

ఆండాలు యాభై నాలుగో బద్దీని గుడ్డలో చుట్టి సంచిలో పెట్టుకుంది. వంచకుండా, అడ్డంగా.

మర్నాడు పొద్దున పదింటికి కార్ఖానాకు వెళ్ళింది. ఇంట్లో ఉండిపోవచ్చు. ఇంట్లో ఉంటే ఒంట్లో బాగాలేదనుకుంటారు. అందుకని వెళ్ళింది. తన చోట కూర్చుంది. గుడ్డ విప్పి బద్దీని ఒళ్ళో పెట్టుకుంది. కుంపటి వెలిగించలేదు.

మిగతా మూడు కుంపట్లూ అంటుకున్నాయి. నాగమణమ్మ అటు చూసింది. "ఏందక్కా, మీ దేశంల ఇయ్యాల..." అని మొదలుపెట్టి, ఒళ్ళోని బద్దీని చూసి ఆగిపోయింది.

పదకొండుకు ముక్తార్ సాబ్ మెట్లెక్కి వచ్చాడు. చేతిలో కాగితం ఉంది. మంగళవారం ఇవ్వాల్సిన పెళ్ళి సెట్టు, రెండు-ఆరు సైజు.

"ఆండాలమ్మా, ఇది ముందు తీయ్." కుంపటి చూశాడు. "క్యా హువా? బొగ్గు లేదా?"

"ఉన్నది సాబ్."

"పానం బాగలేదా?"

"బాగున్నది."

"మరి ముట్టియ్."

"రేపు తీస్త. పొద్దుగాల్నే వచ్చి తీస్త. మీ సెట్టు రేపటికే గదా, అయితది."

"రేపు ఎందుకు? ఇయ్యాల నేను చెప్తున్న గదా."

"అందుకే సాబ్."

ముక్తార్ సాబ్‌కు అర్థం కాలేదు. మిగతా ముగ్గురి వైపు చూశాడు. ముగ్గురూ తమ గాజుల వైపు చూస్తున్నారు. ఈ మనిషి తన చిన్నప్పటి నుంచి ఇదే చోట కూర్చుని ఉంది. ఒక్కసారి కూడా కాదనలేదు. గొంతు పెంచాలో తగ్గించాలో తెలియక రెంటికీ మధ్య నిలబడ్డాడు.

"అబ్బాజాన్ ఉన్నప్పుడు గిట్ల ఉండెనా?"

"లేకుండె. అప్పుడు కూడా ఉండాల్సింది. నాకే తెల్వలె."

"ఇంటికి పోతవా మరి?"

"పోను. ఈడనే కూసుంట."

"కూసొని ఏం జేస్తవు?"

"మీరు చెప్పంది."

కింద దుకాణంలో ఎవరో పిలిచారు. ముక్తార్ సాబ్ కాగితాన్ని కిటికీ గట్టు మీద పెట్టి, అది ఎగిరిపోకుండా ఒక గాజు బరువుంచి, మెట్లు దిగాడు. సగం దిగి ఆగినట్టు వినిపించింది. తర్వాత మిగతా మెట్ల చప్పుడు వినిపించింది.

కింద వీధిలో ఒక ఆటో హారన్ కొడుతూ ఉండిపోయింది. నాగమణమ్మ చేతిలో పని ఆపి తన కుంపటిని జానెడు ఇటు జరిపింది. ఆమెను ఎవరూ అడగలేదు.

ఆండాలు బద్దీని రెండు చేతులతో ఎత్తింది. నిప్పుకు కొంచెం పైన తిప్పుతూ వంచింది. రెండు అద్దం ముక్కలూ ఒక ఎర్ర రాయీ ఊడి ఒళ్ళో పడ్డాయి. వాటిని ఏరి మళ్ళీ అద్దింది. తర్వాత కొసలు రెండూ నిప్పుకు చూపించి, మెత్తబడ్డాక ఒకదానికొకటి ఆనించి, ఊపిరి బిగబట్టి నొక్కింది. లక్క కొంచెం పైకి ఉబికింది.

అలవాటుగా ఆమె చెయ్యి ఇనుప పలక వైపు వెళ్ళింది. పలక మీద ఆగింది. వెనక్కి వచ్చింది.

గాజు చల్లారాక చేతికి వేసుకుంది. ఎత్తుగా, నల్లగా, రాళ్ళు లేకుండా, అతుకు మణికట్టు మీద పైకే ఉంది. నాగమణమ్మకు తన చోటు నుంచే కనిపించింది.